పేరిచ్చిన పల్లె

"పేరు గొప్ప, ఊరు దిబ్బ" అన్న సామెత మన భాషలో చాలకాలంగా ఉన్నది. గొప్ప పేరు మోసే ఊరు తీరా వెళ్లి చూస్తే మట్టిదిబ్బగా కనిపించడం మనకు క్రొత్త కాదు. కాని ఒక ఊరు తన పేరును మరొక ఊరికి ధారపోసి, ఆ పేరుతో ఆ రెండవ ఊరు దేశదేశాల్లో ప్రసిద్ధి పొందుతూ ఉండగా, తాను మాత్రం దాని నడుమనే ఒదిగి, తన పేరు తాను చెప్పుకొనడానికి సైతం మరొక మాట తగిలించుకొనవలసి రావడం అరుదైన సంగతి. ఇంగ్లండులో మిల్టన్ కీన్స్ అనే పల్లెకు పట్టిన దశ ఇది. దీనిని అదృష్టమనవలెనో, దురదృష్టమనవలెనో వెంటనే తేల్చి చెప్పడం సులభం కాదు. ఐనా తేల్చుకొనక తప్పదు. పల్లెలను కలుపుకొని నగరాలను నిర్మించే పని ఇంగ్లండుతో మొదలై ఇంగ్లండుతోనే ముగిసినది కాదు.

లండను మహానగరానికి వాయవ్యదిశలో సుమారు 50 మైళ్ల దూరాన, బకింగ్‌హామ్‌షైర్‌లో ఈ పల్లె ఉన్నది. నార్మన్ రాజు విలియం 1086లో చేయించిన డూమ్స్‌డే లెక్కల గ్రంథం నాటికే ఇది ఉన్న ఊరు. దీని మొదటి పేరు మిడిల్‌టన్. 'టన్' అంటే పాత ఇంగ్లీషులో కంచె వేసిన ఆవరణ. క్రమంగా ఆ మాటకు పొలమనీ, ఊరనీ అర్థం వచ్చినది. నడుమనున్న ఊరు గనుక మిడిల్‌టన్. మన నడింపల్లి వంటిదే అన్నమాట. ఆ తరువాత నార్మండీ నుండి వచ్చిన ఒక భూస్వామి వంశం వారి ఇంటిపేరు ఊరిపేరుకు తోకగా చేరి, ఉచ్చారణలో అరిగి, 'కీన్స్' అయినది. మిల్టన్ మహాకవి పేరునూ, ఆర్థికశాస్త్రవేత్త కేన్స్ పేరునూ కలిపి ఎవరో ఈ నగరానికి నామకరణం చేసినారన్న చమత్కారం ప్రచారంలో ఉన్నది గాని, దానిలో సత్యం లేదు. కవీ పుట్టకముందు, ఆర్థికవేత్తా పుట్టకముందు, ఎన్నో వందల ఏండ్లనాడే ఆ పేరు ఆ నేలమీద ఉన్నది.

పల్లె చాల చిన్నది. 14వ శతాబ్దపు చర్చి ఒకటి, గడ్డికప్పు ఇండ్లు కొన్ని, మతాధికారి నివాసం ఒకటి, గడ్డికప్పుతోనే ఉన్న 'స్వాన్' అనే పాత పానశాల ఒకటి. అట్టి పల్లెలు ఇంగ్లండులో వందలకొలది ఉన్నవి. కాని సాహిత్య విద్యార్థులకు ఈ పల్లెతో ఒక ప్రత్యేకమైన పరిచయం ఉండదగినది. 17వ శతాబ్దాంతంలో ఇంగ్లండు పండితలోకాన్ని రెండుగా చీల్చిన ప్రాచీనార్వాచీన వివాదం మనలో చాలమంది చదివినదే. ప్రాచీనుల విద్య గొప్పదా, ఆధునికుల విద్య గొప్పదా అన్నది ఆనాటి ప్రశ్న. సర్ విలియం టెంపుల్ 1690లో ప్రాచీనుల పక్షాన ఒక వ్యాసం ప్రకటించినాడు. దానికి 1694లో ఆధునికుల పక్షాన సమాధానం వ్రాసినవాడు విలియం వాటన్. ఆరేండ్ల ప్రాయానికే లాటిను, గ్రీకు, హీబ్రూ భాషలు చదివిన బాలమేధావి అతడు. 1693లో అతడు మతాధికారిగా నియుక్తుడైన ఊరు ఈ మిల్టన్ కీన్స్.

విశేషం ఇంతటితో ఆగలేదు. ఇదే వివాదంలో ఆధునికుల పక్షాన నిలిచిన మహాపండితుడు బెంట్లీని ఖండిస్తూ 1698లో ఛార్లెస్ బాయిల్ పేరిట ఒక గ్రంథం వెలువడినది. దానిలో పెద్దభాగం వ్రాసినవాడు బాయిల్ గురువైన ఫ్రాన్సిస్ అటర్‌బరీ అని సాహిత్య చరిత్రకారులు చెపుతారు. తరువాత రాచెస్టర్ బిషప్పు అయి, కవి పోప్‌కు మిత్రుడై, రాజద్రోహ నేరం మీద దేశబహిష్కృతుడైన ఈ అటర్‌బరీ పుట్టిన ఊరు కూడ మిల్టన్ కీన్సే. అతని తండ్రి అక్కడ మతాధికారి. అంటే ప్రాచీనుల పక్షాన కలం పట్టినవాడు ఆ ఊరిలో పుట్టినాడు. ఆధునికుల పక్షాన కలం పట్టినవాడు ఆ ఊరికి కొలువుకు వచ్చినాడు. స్విఫ్ట్ 1704లో ప్రకటించిన 'పుస్తకాల యుద్ధం' అనే పరిహాస రచనలో వాటనూ, బెంట్లీయూ ఎంత వెటకారానికి గురి అయినారో ఉపాధ్యాయులకు చెప్పనక్కర లేదు. పాతకూ క్రొత్తకూ జరిగిన ఆ యుద్ధం పుస్తకాలలో ముగిసినది. 270 ఏండ్ల తరువాత అదే యుద్ధం అదే ఊరి పొలాల మీద, ఈసారి కొలబద్దలతోనూ పటాలతోనూ మొదలైనది.

ఆ రెండవ యుద్ధానికి కారణం తెలియవలెనంటే కొంత వెనుకకు పోవలెను. 19వ శతాబ్దపు లండను ఒకవంక ప్రపంచానికి రాజధానివలె వెలుగుతూ, మరొకవంక ఒక్కొక్క గదిలో ఒక్కొక్క కుటుంబం మగ్గిపోయే మురికివాడలకు ఆలవాలమై ఉండెడిది. కోర్టులో సంక్షిప్తలేఖకుడుగా పనిచేసి పొట్టపోసుకొన్న ఎబనీజర్ హోవర్డ్ అనే సామాన్యుడు దీనికి ఒక ఉపాయం ఆలోచించినాడు. పట్టణపు ఉపాధీ, పల్లె గాలీ రెండూ దొరికే క్రొత్త ఊళ్లను నిర్మించవలెనని 1898లో అతడు గ్రంథం ప్రకటించినాడు. దాని ఫలితంగా 1903లో లెచ్‌వర్త్ ఉద్యాననగరం పుట్టినది. ఆ నగరం కూడ నార్టన్, విలియన్ అనే పాత పల్లెలను తనలో కలుపుకొన్నది. రెండవ ప్రపంచ యుద్ధంలో బాంబుల వర్షానికి లండనులో వేలకొలది ఇండ్లు నేలమట్టమైన తరువాత, అప్పటి ప్రభుత్వం 1946లో నవనగరాల చట్టం చేసినది. మొదటి నవనగరంగా స్టీవెనేజ్ అనే చిన్న ఊరిని ఎంచుకొన్నది.

స్టీవెనేజ్ ప్రజలు ఊరుకొనలేదు. మంత్రి సిల్కిన్ స్వయంగా వచ్చి సభలో మాట్లాడితే ఎదిరించినారు. రైలుస్టేషను పేరుపలక మీద రష్యను నగరాల పేర్ల ఫక్కీలో 'సిల్కిన్‌గ్రాడ్' అని వ్రాసి ఎగతాళి చేసినారు. వ్యాజ్యం ప్రభువుల సభ దాకా పోయి 1947లో మంత్రి పక్షాన తీర్పు వచ్చినది. ఆ ఊరి ప్రక్కనే ఉన్న ఒక పాత ఇంటిలో నవలాకారుడు ఇ. ఎం. ఫార్‌స్టర్ బాల్యం గడిచినది. 1910లో వెలువడిన 'హోవర్డ్స్ ఎండ్' నవలలోని ఇంటికి ఆ ఇల్లే మూలం. 1946లో రేడియోలో ప్రసంగిస్తూ ఆయన ఈ ప్రస్తావన తెచ్చినాడు. ఇల్లు లేనివారికి ఇల్లు కావలెను, కాదనడానికి తనకు నోరు రాదు. కాని తాను ప్రేమించిన ఆ నేల పోవడాన్ని ఆ లాభంతో సరితూచడం కూడ తనకు చేతకాదన్నది ఆయన మాటల సారాంశం. పెద్ద రచయిత అయి ఉండీ తీర్పు చెప్పకుండ తన సంకటాన్ని మాత్రమే చెప్పడం ఆయన నిజాయితీ. కాని ఆయన వదలిన తీర్పు ఎవరో ఒకరు చెప్పవలసినదే గదా!

స్టీవెనేజ్ తరువాత ఇరవై ఏండ్లకు, 1967 జనవరి 23వ తేదీన, మిల్టన్ కీన్స్ నవనగరానికి ప్రభుత్వ ప్రకటన వెలువడినది. విస్తీర్ణం సుమారు 22 వేల ఎకరాలు. జనసంఖ్య లక్ష్యం రెండున్నర లక్షలు. బ్లెచ్‌లీ, వుల్వర్టన్, స్టోనీ స్ట్రాట్‌ఫర్డ్ అనే పాత పట్టణాలతో బాటు సుమారు పదిహేను పల్లెలు ఆ గీత లోపల పడినవి. వాటిలో ఒక పల్లె పేరు మొత్తం నగరానికి పెట్టినారు. భూమిని ప్రభుత్వ సంస్థ సేకరించినది. నగరం వస్తున్నదన్న కారణంగా పెరిగే ధరను నష్టపరిహారంలో లెక్కకు తీసుకొనరాదన్నది ఆనాటి చట్టం. తాతల నాటి నుండి దున్నుకొన్న పొలాన్ని పొలం ధరకే ఇచ్చివేసి, మరునాడు అదే పొలంలో మేడలు లేస్తూ ఉంటే చూడవలసిన రైతు మనస్సు ఎట్లు ఉండునో ఏ దేశంలోని రైతు ఐనా చెప్పగలడు. ఐతే అట్లు మిగిలిన లాభం దళారుల చేతిలో పడకుండ రోడ్లకూ, పాఠశాలలకూ, తోటలకూ చేరినదన్న రెండవ పక్షం కూడ ఉన్నది.

ప్రణాళికను 1970లో లెవెలిన్ డేవిస్ మొదలైన వాస్తుశిల్పుల సంస్థ సిద్ధం చేసినది. సుమారు కిలోమీటరుకు ఒకటి చొప్పున నిలువు రోడ్లు, అడ్డు రోడ్లు; వాటి నడుమ గళ్లు; ఒక్కొక్క గడిలో ఒక్కొక్క పేట. నిలువు రోడ్లన్నీ 'స్ట్రీట్'లు, అడ్డు రోడ్లన్నీ 'వే'లు. వినడానికి ఇది చదరంగపు పలకవలె నిర్జీవంగా తోస్తుంది. కాని ఈ రోడ్లు రూళ్లకర్రతో గీసినంత తిన్ననివి కావు. నేల వాలును బట్టి వంగినవి. పాత పల్లెలు ఎదురైన చోట వాటిని చీల్చకుండ ప్రక్కగా తిరిగినవి. పల్లె గడికి అంచున గాక లోపల పడినది. లారీలూ, కార్లూ దాని వెలుపలి రోడ్లమీద పరుగెత్తుతూ ఉంటే, నడిచేవారూ సైకిళ్లవారూ పోవడానికి ఎర్రని దారులు వేరుగా వేసినారు. క్రొత్త పేటలకు పేర్లు పెట్టేటప్పుడు అధికారుల పేర్లు, నాయకుల పేర్లు వెదకుకొనడం కంటె పాత పొలాల పేర్లు, పాత కమతాల పేర్లు ఏరుకొనడమే ఎక్కువగా జరిగినది. ఒక పేటకు కుందేళ్ల బొరియల మిట్ట పేరు వచ్చినది. మరొక పేటకు ఒక రైతు కమతం పేరు వచ్చినది. పేరు పెట్టడంలో చూపిన ఈ వినయం చిన్న సంగతి కాదు.

ఐతే పల్లెలు నగరంలో కలిసి ఏమి అయినవి? అన్నిటికీ ఒకే గతి పట్టలేదు. మన విచారణకు ఆ తేడాలే ముఖ్యం.

విలెన్ అనే పల్లెను చూడండి. అక్కడ 1680లో పూర్తి అయిన చర్చి ఒకటి ఉన్నది. దానిని కట్టించినవాడు లండనులోని వెస్ట్‌మిన్‌స్టర్ పాఠశాలకు యాభై ఏండ్లకు పైగా ప్రధానోపాధ్యాయుడుగా ఉన్న రిచర్డ్ బస్బీ. దాని రూపకర్త అతని శిష్యుడు రాబర్ట్ హుక్. జీవకణానికి ఇంగ్లీషులో నేటికీ వాడే పేరు పెట్టిన శాస్త్రజ్ఞుడు, విద్యార్థులు చదివే హుక్ సూత్రానికి కర్త. గురువు కోరికపై శిష్యుడు రూపొందించిన ఆ కట్టడం నవనగరంలో చెక్కుచెదరకుండ ఉన్నది. నగరం పుట్టిన తరువాత ఆ ఊరి ప్రక్కనే ఒక పెద్ద చెరువు త్రవ్వినారు. నగరమంతా రోడ్లూ కప్పులూ పరచుకొన్నప్పుడు వాననీరు ఒక్కసారిగా నదిలో పడి వరద రాకుండ ఆపడం దాని ముఖ్య ప్రయోజనం. ఆ చెరువు గట్టున 1980లో జపాను బౌద్ధభిక్షువులు శాంతిస్తూపం కట్టినారు; పాశ్చాత్య దేశాలలో అట్టి స్తూపాలలో అదే మొదటిది. చర్చీ, చెరువూ, స్తూపమూ ఒకదాని దారికి ఒకటి అడ్డురాకుండ ఉన్నవి.

వాల్టన్ అనే పల్లె కథ మనకు మరింత దగ్గరిది. అక్కడి పాత జమీందారు భవనం వాల్టన్ హాలు చుట్టూ 1969లో ఓపెన్ యూనివర్సిటీ వెలసినది. కళాశాల మెట్లెక్కే అవకాశం లేని ఉద్యోగులకూ, గృహిణులకూ, కార్మికులకూ ఇంటి దగ్గరకే పాఠం పంపించి పట్టాలు ఇచ్చే విశ్వవిద్యాలయం అది. పల్లెలోని పాత చర్చి ఇప్పుడు దాని ఆవరణలోనే ఉన్నది. ఆ ఆదర్శంతోనే 1982లో హైదరాబాదులో ఆంధ్రప్రదేశ్ ఓపెన్ యూనివర్సిటీ ఏర్పడినది. భారతదేశంలో ఆ తరహా విశ్వవిద్యాలయాలలో అదే మొదటిది. నేడు డాక్టర్ బి. ఆర్. అంబేడ్కర్ పేరుతో వెలుగుతున్నది. పగలు బడిలో పిల్లలకు పాఠం చెప్పి, రాత్రి లాంతరు ముందు తాను పాఠం చదువుకొని పట్టా పొందిన ఉపాధ్యాయులు మనలో ఎందరో ఉన్నారు. వారి చేతిలోని పట్టాకు మూలం వెదకుకొంటూ పోతే, ఇంగ్లండులో నగరం మ్రింగినదనుకొన్న ఒక కుగ్రామం పేరు తగులుతుంది.

గ్రేట్ లిన్‌ఫర్డ్ అనే ఊరిలో పాత జమీందారు తోట, వృద్ధుల కొఱకు 17వ శతాబ్దాంతంలో కట్టిన ధర్మగృహాలు, వాటి నడుమ ఆనాటి బడి మిగిలి ఉన్నవి. ఆ తోట నేడు ఊరందరిదీ. నగరం నడిబొడ్డున గ్రంథాలయం వెనుక ఒక చిన్న మట్టిదిబ్బ ఉన్నది. చుట్టుప్రక్కల ఊళ్లవారందరూ వెయ్యేండ్ల క్రిందట ఒకచోట చేరి తగవులు తీర్చుకొన్న రచ్చ అది; సెక్లో అని దాని పేరు. మన ఫిర్కా వంటి ఒక విభాగానికి ఆ దిబ్బ పేరే ఉండెడిది. అంగళ్లూ, కార్యాలయాలూ కట్టేటప్పుడు దానిని చదును చేయడం ఎంతో తేలిక. చదును చేయలేదు. త్రవ్వి పరిశీలించి, మరల దిబ్బగానే నిలిపినారు. పేరు గొప్పదైన చోట దిబ్బ కూడ గౌరవం పొందినదన్నమాట.

ఇంత చెప్పిన తరువాత నష్టం సంగతి చెప్పక తప్పదు. పల్లె అంటే చర్చీ, గడ్డి ఇండ్లూ మాత్రమే కాదు. పల్లెకు ప్రాణం పొలం. ఆ పొలం పోయినది. కోతల కాలమూ, గొర్రెల మందా, పొలిమేర మీద పాతిన రాయీ, దుక్కి పశువుకు దారి వదిలే మర్యాదా అన్నీ దానితో పోయినవి. ఊరినుండి ఊరికి పోయే పాత బాటలను క్రొత్త రోడ్లు తెగగొట్టినవి. గడ్డికప్పు ఇల్లు నిలిచినది గాని ఆ ఇంటిలో ఒకనాడు కాపురమున్న వ్యవసాయ కూలీ మనుమడు నేడు ఆ ఇంటిని కొనగలిగిన స్థితిలో ఉండడం అరుదు. పాతదనానికే ఒక వెల ఏర్పడినది. ఆ వెల పాతవారికి అందనిది. ఇక పేరు సంగతి: మిల్టన్ కీన్స్ అంటే అందరికీ నగరమే. అసలు మిల్టన్ కీన్స్ తాను ఫలానా అని చెప్పవలెనంటే 'మిల్టన్ కీన్స్ విలేజ్' అని చెప్పుకొనవలసి వచ్చినది. అది ఉన్న పేటకు ప్రణాళికలో 'మిడిల్‌టన్' అన్న పురాతన రూపం పెట్టినారు. తన నామధేయాన్ని ఇచ్చిన తల్లి, తాను పుట్టింటినాటి పేరుకు మరలిపోయినట్లున్నది ఈ వ్యవహారం.

ఈ నష్టాన్ని చూపి, నగరాలే వద్దు, పల్లెలను పల్లెలుగా ఉండనిండని వాదించేవారు ఉన్నారు. వారి మనస్సు మంచిదే. కాని వారు తలచుకొనే పల్లె ఏనాటిదో ఒకసారి ఆలోచించవలెను. గోల్డ్‌స్మిత్ 1770లో 'పాడుబడ్డ పల్లె' కావ్యం వ్రాసినప్పుడు నవనగరాల చట్టం లేదు. పల్లెను పాడుచేసినది ధనవంతుని విలాసం. ఈ మిల్టన్ కీన్స్ ప్రాంతంలోనే వుల్వర్టన్ అనే పాత పల్లె 17వ శతాబ్దం నడుమ నాటికి జమీందారు పొలాలన్నిటికీ కంచెలు వేయించి మేతబీళ్లు చేయడంతో నిర్జనమైపోయినది. మన భాషలో చెప్పవలెనంటే అది పాటిదిబ్బ అయినది. అక్కడి రైతులకు విచారణ లేదు, నష్టపరిహారం లేదు, పాత పేరుతో పేట లేదు. రెండు వందల ఏండ్ల తరువాత, 1838లో, రైలు కంపెనీ వచ్చి దగ్గరలో కార్ఖానా పెట్టి, పనివాండ్రకు ఇండ్లు కట్టితే, ఆ పేరు మరల బ్రతికినది. కనుక పల్లె శాశ్వతమైనదనీ, ప్రణాళిక వచ్చి దానిని కూల్చినదనీ చెప్పడం చరిత్ర కాదు. పల్లె ఎప్పుడూ ఎవరో ఒకరి చేతిలో ఉన్నది. ఆ చేయి ఎవరిది, అది ఎవరికి జవాబుదారీ అన్నదే ప్రశ్న.

లండను మురికివాడలో ఒకే గదిలో పదిమంది పడుకొన్న ఇంటి బిడ్డకు నవనగరంలో తలుపు తెరిస్తే చెట్టు కనపడే ఇల్లు దొరికినది. ఆ బిడ్డ ముందు నిలిచి, "నా చిన్ననాటి గడ్డివాము కొఱకు నీవు అక్కడే ఉండు" అనగల ధైర్యం ఎవరికి ఉండవలెను? నాకు లేదు. అట్లని, ఇల్లు కట్టినాము గదా, ఊరి పేరు ఏదైతేనేమి, పాత బాట పోతేనేమి అనే ఇంజనీరును కూడ నేను సమర్థించలేను. ఇల్లు లేనివానికి ఇల్లు కావలెను. ఇల్లు దొరికిన మరునాడు వానికి ఊరు కావలెను. ఆ ఊరు ఇటుకలతో పుట్టదు.

నా అభిప్రాయం ఇది. పల్లెను నిలపడమంటే దాని రూపాన్ని అద్దాల బీరువాలో బొమ్మవలె నిలపడం కాదు. దానికి పని కల్పించడం. విలెన్ చెరువు వరదను ఆపుతున్నది గనుక నిలిచినది. వాల్టన్ చదువు చెపుతున్నది గనుక నిలిచినది. లిన్‌ఫర్డ్ తోటలో పిల్లలు ఆడుకొంటున్నారు గనుక నిలిచినది. పనిలేని పాత వస్తువును ఒక తరం ముద్దుచేస్తుంది, రెండవ తరం ఓర్చుకొంటుంది, మూడవ తరం అమ్మివేస్తుంది. ఈ సత్యాన్ని గుర్తించినందువల్లనే కాబోలు, నగర నిర్మాణ సంస్థ 1992లో మూతపడే సమయానికి, అక్కడి తోటలనూ, చెరువులనూ మునిసిపాలిటీ దయకు వదలకుండ ఒక ప్రత్యేక ధర్మకర్తల సంస్థకు 999 ఏండ్ల కౌలుకు ఇచ్చి, ఖర్చులకు ఆదాయం వచ్చే ఆస్తులు కూడ దానికి వ్రాసి ఇచ్చినారు. మన పెద్దలు చెరువుకు మాన్యం వ్రాసినట్లే గదా! 2022లో ఆ ఊరికి అధికారికంగా నగర హోదా లభించినది. 2021 జనగణన నాటికి ఆ మునిసిపల్ ప్రాంతపు జనసంఖ్య సుమారు 2,87,000. దానిలో గడ్డి ఇండ్ల పల్లె వాటా ఎంత స్వల్పమో చెప్పనక్కర లేదు. ఐనా ఆ అందరి చిరునామాలోనూ ఉన్నది ఆ పల్లె పేరే.

మరొక్క సంగతి. పాత పల్లెలను గౌరవించడం ప్రణాళికాకర్తలకు ఎట్లు సాధ్యమైనది? వారు మంచివారు గనుక అని మాత్రమే చెప్పితే చాలదు. వారికి ఆ పల్లెల చరిత్ర చేతికి అందుబాటులో ఉన్నది. ఇంగ్లండులో ప్రతి జిల్లాకూ, ప్రతి ఊరికీ చరిత్ర వ్రాయవలెనని 1899లో ఒక మహాప్రయత్నం మొదలైనది. ఈ ఊళ్లన్నిటి చరిత్ర గల బకింగ్‌హామ్‌షైర్ నాలుగవ సంపుటం 1927లోనే అచ్చయినది. అంటే నగరం అన్న మాట పుట్టడానికి నలభై ఏండ్ల ముందు. ఆపైన 1971లో నగర నిర్మాణ సంస్థయే పురావస్తు శాఖను పెట్టి, రోడ్డు పడబోయే చోట ముందుగా త్రవ్వి చూడనిచ్చినది. తెలియనిదానిని ఎవరూ గౌరవించలేరు. కాగితంమీద ఖాళీగా కనిపించే నేల ఖాళీ నేల కాదని చెప్పడానికి మరొక కాగితం ఉండవలెను.

మన దేశానికి ఇది పరాయి పాఠం కాదు. 2015లో కృష్ణాతీరాన అమరావతి నిర్మాణానికి పూనుకొన్నప్పుడు తుళ్లూరు, మందడం, వెలగపూడి, రాయపూడి మొదలైన ఇరవై తొమ్మిది గ్రామాలు రాజధాని ప్రణాళిక గీతలోపల చేరినవి. రైతులు భూములు ఇచ్చిన పద్ధతి వేరు, పొందిన ప్రతిఫలం వేరు. ఆ చర్చ ఇక్కడ అప్రస్తుతం. నగరానికి పెట్టిన పేరు మాత్రం అక్కడ కూడ సమీపంలోని ఒక ప్రాచీన ఊరిదే. ఆ గ్రామాలలోని బావుల పేర్లు, చెరువుల పేర్లు, పొలాల పేర్లు, వీథుల పేర్లు ఎవరి దగ్గర వ్రాసి ఉన్నవి? రెండు వందల ఏండ్ల క్రిందట కర్నల్ మెకంజీ పనుపున అతని సహాయకులు ఊరూరా తిరిగి కరణాల నోటినుండి, కవిలెలనుండి కైఫీయతులు వ్రాసికొన్నారు. పరదేశి పూనుకొంటే మన ఊళ్ల కథలు కొన్ని మిగిలినవి. ఆ తరువాత ఆ పని అంత విస్తారంగా మరల జరుగలేదు.

ఆ పని ఇప్పుడు చేయగలవారు ప్రభుత్వోద్యోగులు కారు, ఉపాధ్యాయులూ, విద్యార్థులూ. ఒక తరగతిలో నలభైమంది పిల్లలు ఉంటే నలభై ఇండ్లలో నలభైమంది తాతలో, అమ్మమ్మలో ఉంటారు. ఏ చేనుకు ఆ పేరు ఎందుకు వచ్చినదో, ఏ బాట ఏ ఊరికి పోయెడిదో, ఊరిబావి ఎవరు త్రవ్వించినారో, ఎవరిని ఆ బావిలో నీరు తోడుకొననిచ్చెడివారు కారో, వారికి తెలుసు. మంచితో బాటు చెడ్డను కూడ వ్రాయవలెను; పొగడ్త మాత్రమే వ్రాస్తే అది చరిత్ర కాదు. వ్యాసరచన పరీక్షకు విద్యార్థి 'మా ఊరు' అన్న వ్యాసాన్ని ఎవరో వ్రాసిన గైడు నుండి కంఠస్థం చేయడం ఎంత విడ్డూరం! ఆ గంటలోనే తన ఊరిలోని పది పొలాల పేర్లు అడిగి తెలిసికొని వ్రాసికొని రమ్మంటే, పిల్లవానికి భాషా వస్తుంది, ఊరికి ఒక దస్తావేజూ మిగులుతుంది.

నగరాలు వస్తవి. రావలసిన అవసరం కూడ ఉన్నది. వచ్చే నగరానికి ఊరి పొలం ఇవ్వక తప్పనప్పుడు ఊరి పేరు, ఊరి బాట, ఊరి చెరువు కూడ ఒక పటంలో గీసి చేతికి ఇవ్వగలిగితే, తీసికొనేవాడు తల వంచి తీసికొంటాడు. మిల్టన్ కీన్స్ అను చిన్నపల్లె తన పేరును పోగొట్టుకొనలేదు. రెండున్నర లక్షలకు పైబడిన జనానికి పంచి ఇచ్చినది. పంచడానికి దాని దగ్గర పేరున్నది, ఆ పేరుకు వ్రాసి ఉంచిన చరిత్ర ఉన్నది. మన ఊళ్ల దగ్గర పేర్లున్నవి. చరిత్ర వ్రాయడం మన వంతు.